పెళ్ళిళ్ళ మిక్సింగ్ చేసేవాడు సినిమా ఎడిటర్ అవ్వగలడా? హైదరాబాద్ ఎల్లాలా, ఇక్కడే ఉండిపోవాలా

లంక_కుర్రోడు
ఆయ్ అందరికీ నమస్కారమండి. మాది పి.గన్నవరం దగ్గర లంక. డిగ్రీ అయ్యాక అమలాపురంలో ఒక మిక్సింగ్ షాపులో, అంటే ఫంక్షన్ల వీడియోలు ఎడిట్ చేసే షాపులో చేరాను, మూడేళ్ళయింది, ఎడియస్ అనే ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ మీద పెళ్ళిళ్ళు, ఓణీల ఫంక్షన్లు, గృహప్రవేశాలు, సంక్రాంతికి ప్రభల తీర్థం, ఇదే పని. ముహూర్తాలున్నప్పుడు నెలకి పద్దెనిమిది వేల దాకా వస్తాయి, మూఢం వచ్చిందంటే షాపులో ఈగలు తోలుకోవడమే. ఇప్పుడు మా మేనత్త కొడుకు ఫ్రెండ్ ఒకాయన హైదరాబాద్‌లో ఒక సినిమా ఎడిటర్ గారి దగ్గర అసోసియేట్‌గా ఉన్నాడు, వచ్చెయ్ తమ్ముడూ అసిస్టెంట్‌గా పెట్టిస్తా, కాకపోతే మొదటి ఆరు నెలలు డబ్బులు మాత్రం అడక్కు అన్నాడు. ఇంట్లో చెప్తే నాన్న అన్నం తింటన్నోడు ఆపేసి, కంప్యూటర్ ముందు కూచునే పనే కదరా, ఇక్కడ కూచుంటే డబ్బులిస్తన్నారు అక్కడ కూచుంటే ఇవ్వరంట, ఇందులో ఆలోచించేదేంటి అన్నాడు. నిజానికి నా దగ్గర సమాధానం లేదండి. ఈ లైన్లో ఉన్నోళ్ళు చెప్పండి, అసలు అక్కడ అసిస్టెంట్ ఏం చేస్తాడు? నాకు 24, లేటయిపోయిందా?

వెటకారం_వెంకన్న
ఆరు నెలలు డబ్బులివ్వనిది ఉద్యోగం కాదు తమ్ముడూ, దీక్ష. అయ్యప్ప మాలయినా 41 రోజులకి తీసేస్తారు.

యానాం_గాలి
నేను ఎల్లొచ్చినోణ్ణి కాబట్టి చెప్తున్నా. అయిదేళ్ళు హైదరాబాద్‌లో సినిమావాళ్ళుండే కృష్ణానగర్‌లో ఉన్నాను, ఒక గదిలో ఆరుగురం, నలుగురు యాక్టర్లవ్వాలని ఒకడు పాటలు రాయాలని నేనొక్కణ్ణే ఎడిటర్ని, అందరి షోరీళ్ళూ (అవకాశాల కోసం చూపించుకునే వీడియోలు) నా చేతే ఫ్రీగా కట్ చేయించుకునేవారు. రెండు సినిమాలకి పని చేస్తే ఒకటి రిలీజ్ కాలేదు, ఇంకోటి రిలీజైంది కానీ టైటిల్స్‌లో నా పేరు తప్పు పడింది. యూనియన్ సభ్యత్వం కార్డు కావాలంటే డబ్బులు కట్టాలి, అది కట్టడానికి డబ్బుల్లేవు, డబ్బులు రావాలంటే కార్డుండాలి. తిరిగొచ్చేశాను. ఇప్పుడు యానాంలో సొంత యూనిట్ ఉంది, పెళ్ళిళ్ళు, రెండు వంటల ఛానళ్ళు, ఒక రియల్ ఎస్టేట్ ఆయన రీల్స్. నెట్ బాగానే ఉంటంది, హైదరాబాద్ వాళ్ళే ఫుటేజ్ పంపించి పని చేయించుకుంటన్నారు. నా మాట విని ఉన్న ఊళ్ళోనే ఉండు. నువ్వు కావాలంటే ఎడియస్ నుంచి డావిన్చీ రిజాల్వ్‌కి మారు, ఫ్రీ వెర్షన్ చాలు నేర్చుకోడానికి.

పాలకొల్లు_రీలు
బాబూ లంక కుర్రోడా, నాకు ఈ ఫోన్లో టైపు చెయ్యడం ఆలస్యం, ఓపిగ్గా చదువు. నేను 1978లో పాలకొల్లు నుంచి మద్రాసు ఎల్లాను. మా ఊరి సంగతి తెలుసుగా, అల్లు రామలింగయ్య గారు మా ఊరు, దాసరి గారు మా ఊరు, కోడి రామకృష్ణ గారు మా ఊరు, అందుకని మా కుర్రోళ్ళందరికీ మద్రాసంటే కాలవ అవతలి గట్టులాగే ఉండేది. నేను వేషాల కోసమే ఎల్లాను. వేషం రాలేదు, మొహం అలాంటిది. ఆకలేసి కట్టింగ్ రూమ్‌లో, అదే ఎడిటింగ్ చేసే గదిలో దూరాను, పదమూడేళ్ళు బయటికి రాలేదు.

అసిస్టెంట్ ఏం చేస్తాడని అడిగావు. మా రోజుల్లో చెప్తా, ఇప్పటి పిల్లలు ఇప్పటిది చెప్తారు. 35 ఎంఎం ఫిల్ము అడుగుకి 16 ఫ్రేములు, సెకనుకి 24, అంటే నిమిషానికి 90 అడుగులు. వెయ్యి అడుగుల డబ్బా పదకొండు నిమిషాల బొమ్మ. రెండున్నర గంటల సినిమా 13,500 అడుగులు. ఆ పదమూడున్నర వేల కోసం డైరెక్టర్లు యాభై వేలు, అరవై వేల అడుగులు తీసుకొచ్చి మా ముందు పడేసేవారు. బొమ్మ ఒక ఫిల్ము మీద, మాట ఇంకో మ్యాగ్నెటిక్ టేపు మీద ఉండేది. క్లాప్ కొట్టే కుర్రాడు చెక్క మూసిన ఫ్రేము ఎక్కడుందో చూసి పెన్సిల్‌తో ఇంటూ మార్కు పెట్టాలి, ఆ టప్ అనే చప్పుడు టేపు మీద ఎక్కడుందో వెతికి అక్కడా పెట్టాలి, రెండూ కలపాలి. మొదటి ఏడాది అంతా నేను చేసింది ఇదే. క్లాపులు కలపడం. ఆ తరవాత ట్రిమ్ములు. ఎడిటర్ గారు ఒక షాట్ కోసి పక్కన పడేసిన ముక్కలుంటాయి కదా, నాలుగు ఫ్రేములు, ఎనిమిది ఫ్రేములు, గట్టిగా చూస్తే బెత్తెడు, వాటిని నంబరు ప్రకారం కొక్కేలకి తగిలించాలి. పది రోజుల తరవాత ఆయన చెయ్యి చాపుతాడు, ఆ అమ్మాయి తల తిప్పే ముందు ఆరు ఫ్రేములు తీశాం చూడు అవి ఇవ్వు అంటాడు. నువ్వు ఇవ్వాలి. లేదంటే... నేను ఆ తిట్లు ఇక్కడ రాయకూడదు.

రెండేళ్ళు నా చేత్తో ఒక్క కట్ చెయ్యలేదు. కానీ ఆయన వెనక స్టూలు మీద కూచుని, డైరెక్టరూ ఆయనా కొట్టుకుంటుంటే విన్నాను. ఇది ఉంచండి దీని కోసం రెండు రోజులు వర్షంలో తీశాం అంటాడు డైరెక్టరు. మీరు తడిసిన సంగతి ప్రేక్షకుడికెందుకండి అంటాడు మావాడు. నేను నేర్చుకున్న చదువు అదే. మీ నాన్నగారు అడిగిన దానికి సమాధానం కూడా ఉందిలే, ఇక్కడ షాపులో నువ్వు ఒక్కడివే కూచుంటావు, అక్కడ ఒకాయన పక్కన కూచుంటావు. ఆ పక్కన కూచునే ఆయన మంచోడైతేనే ఎల్లు, కాకపోతే యానాం ఆయన చెప్పిందే నిజం.

వెటకారం_వెంకన్న
రీలు బాబాయ్, వర్షం డైలాగ్ మాత్రం మామూలుగా లేదు. కానీ ఆ రోజులు పోయాయి కదండీ, ఇప్పుడు కంట్రోల్ జెడ్ కొడితే ఆరు ఫ్రేములూ వాటంతటవే వచ్చేస్తాయి.

పాలకొల్లు_రీలు
ఫ్రేములు వస్తాయి వెంకన్నా. ఎందుకు తీశామో, ఎందుకు మళ్ళీ కావాలో అది ఏ బటన్ నొక్కితే వస్తుందో నువ్వే చెప్పు.

నైట్‌షిఫ్ట్_అక్క
మాది భీమవరం, హైదరాబాద్‌లో పద్నాలుగేళ్ళు, ముందు న్యూస్ ఛానల్, ఇప్పుడు సీరియల్స్. అందరూ సినిమా సినిమా అంటున్నారు టీవీ గురించి ఒక్కరూ మాట్లాడట్లేదు, పీఎఫ్ కట్ అయ్యే ఎడిటింగ్ ఉద్యోగం కావాలంటే తమ్ముడూ అది టీవీలోనే.

న్యూస్‌లో అయితే టైమే ఉండదు. బులెటిన్‌కి పన్నెండు నిమిషాలుందనగా కాకినాడ నుంచి రిపోర్టర్ ఫీడ్ వస్తుంది, స్క్రిప్టు ఎవరో రాస్తారు ఎవరో చదివి వాయిస్ ఓవర్ ఇస్తారు, ఆ వాయిస్ కింద విజువల్స్ పరిచి మధ్యలో రెండు బైట్లు (జనం మాట్లాడిన ముక్కలు) పెట్టి నిమిషంన్నర ప్యాకేజీ, అంటే పూర్తి వార్త వీడియో తేల్చాలి, తేల్చి సర్వర్లో పడేసి కుర్చీలోంచి లేవకుండానే ఇంకోటి. మొదట్లో ఏడ్చేదాన్ని. కానీ ఆరు నెలల తరవాత చూసుకుంటే ఒక షాట్ చూడగానే ఇది పనికొస్తుందా రాదా అన్నది చెయ్యి ముందు చెప్పేస్తుంది, బుర్ర తరవాత. అలాంటి ప్రాక్టీసు సినిమాలో దొరకదు.

ఒక తప్పు చెప్తాను. 2022 జులైలో గోదావరికి వరదలొచ్చాయి కదా, ధవళేశ్వరం దగ్గర మూడో ప్రమాద హెచ్చరిక 17.75 అడుగులకే ఇస్తారు, అదెప్పుడో దాటేసింది. రాత్రంతా అవే ప్యాకేజీలు. తెల్లారగట్ల మూడింటికి కనకాయలంక కాజ్‌వే (ఏటి మీద తక్కువ ఎత్తులో వేసిన దారి) అని ఒక ఫోల్డర్ కనపడితే అందులోంచి ఒక షాట్ లాగి పెట్టేశాను, మోకాళ్ళ లోతు నీళ్ళలో మోటార్ సైకిల్ తోసుకుంటూ ఒకాయన. ఉదయం ఆరింటికి మా నాన్న ఫోన్. ఏమ్మా, ఆ కాజ్‌వే మునిగిపోయి రోజులయింది, పడవల మీద తిరుగుతుంటే మీరేంటి దాని మీద మోటార్ సైకిలు నడిపిస్తున్నారు అని. అది అంతకు ముందు వరదప్పటి షాట్. పాత షాట్ అని తెలిసేలా ఫైల్ విజువల్స్ అని మూల వెయ్యాలి, వెయ్యలేదు. ఎవరూ నన్నేమీ అనలేదు, అసలెవరూ గమనించలేదు కూడా, అదే ఇంకా బాధగా ఉండేది. ఆ రోజు నుంచి ఫోల్డర్ పేరు నమ్మను, తేదీ చూడకుండా షాట్ ముట్టుకోను.

లంక_కుర్రోడు
అక్కా మా ఊరికి ఆ కాజ్‌వే దగ్గరేనండి. వరదప్పుడు టీవీలో చూసి మేం కూడా అనుకునేవాళ్ళం ఇదెప్పటిదో అని 😀 మరి సీరియల్ ఎడిటింగ్ ఎలా ఉంటదండి?

నైట్‌షిఫ్ట్_అక్క
అరగంట స్లాటులో యాడ్స్ పోగా ఇరవై రెండు నిమిషాలు నింపాలి, వారానికి ఆరు రోజులు. అత్త ఒక మాట అంటే గదిలో ఉన్న ఏడుగురి మొహాలూ చూపించాలి, చూపించకపోతే ఎపిసోడ్ పద్దెనిమిది నిమిషాలకే అయిపోతుంది 😂 అందరూ మమ్మల్ని తిట్టుకుంటారు గానీ ఆ ఏడు మొహాల్లో ఏది ముందు ఏది ఆఖరు అన్నదాంట్లో కూడా పని ఉంది, కోడలు మొహం మూడో షాట్‌లో వస్తే ఒక కథ, ఏడో షాట్‌లో వస్తే ఇంకో కథ. పేరు మాత్రం రాదు. మా అమ్మే నా పేరు టైటిల్స్‌లో ఎప్పుడూ చూడలేదు, అవి పడే టైమ్‌కి గ్యాస్ కట్టెయ్యడానికి లేస్తుంది.

రాజోలు_మిక్సింగ్
మిక్సింగ్ షాపుల్ని అందరూ చిన్నచూపు చూస్తన్నారు కాబట్టి ఒక మాట. నేను 1993 నించీ ఈ పనిలో ఉన్నాను. అప్పట్లో రెండు వీసీఆర్లు, ఒక పానాసోనిక్ మిక్సరు, ఒక దాంట్లో ప్లే ఇంకో దాంట్లో రికార్డు, మధ్యలో తప్పు జరిగితే మళ్ళీ మొదట్నించీ. 1995 జనవరి 8న పాసర్లపూడిలో గ్యాస్ బావి పేలింది గుర్తుందా పెద్దోళ్ళకి, 65 రోజులు మండింది. మాకు రాత్రుళ్ళు కరెంటు లేకపోయినా పేపర్ చదువుకునేంత వెలుగు. నేను వీహెచ్‌ఎస్ కెమెరా పట్టుకెళ్ళి రెండు క్యాసెట్ల నిండా మంట తీశాను. ఇంటికొచ్చి చూస్తే అయిదు నిమిషాల తరవాత మాకే విసుగొచ్చింది, మంట మంటలాగే ఉంది, ఎంతసేపని చూస్తాం. ఆ క్యాసెట్లో ఎక్కడో మధ్యలో ఒకావిడ గేదెని పలుపు విప్పి తోలుకెళ్తా, వెనక్కి తిరిగి ఇల్లు తాళం వేశానా లేదా అని చూసుకునే ముక్క ఒకటుంది, పది సెకన్లుంటది. దాన్ని తీసి ముందు పెట్టి తరవాత మంట పెట్టాను. అప్పుడు జనం చూశారు. అదే మంట. నన్నెవరూ పూణే పంపించి నేర్పలేదు.

పూణే_టు_పెనుగొండ
పూణే పేరు ఎత్తారు కాబట్టి వస్తున్నా అండి 🙂 నేను ఎఫ్‌టీఐఐలో, అదే పూణే ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో ఎడిటింగ్ చదివాను. 1960లో పెట్టిన సంస్థ, డిగ్రీ ఉండాలి, ఎంట్రన్స్ రాయాలి, మూడేళ్ళ కోర్సు. కలకత్తాలో సత్యజిత్ రాయ్ పేరు మీద ఇంకోటి ఉంది అదీ కేంద్ర ప్రభుత్వానిదే. మీరు గేదె ముక్క ముందు పెట్టి మంట చూపించారు కదా, రష్యాలో కులెషోవ్ అనే ఆయన వందేళ్ళ కింద చేసింది అదే. ఒకే నటుడి మొహం, ఏ భావం లేకుండా, దాని పక్కన ఒకసారి సూప్ గిన్నె, ఒకసారి శవపేటిక పెడితే జనం ఆ మొహంలో ఆకలి చూశారు, దుఃఖం చూశారు. మాకు మొదటి సంవత్సరం క్లాసులో చెప్పారు, మీరు రాజోల్లో కనిపెట్టేశారు.

తమ్ముడికి నా మాట, వీలైతే ఎంట్రన్స్ రాయి. కానీ కోర్సు చేసి వచ్చినా హైదరాబాద్‌లో మళ్ళీ అసిస్టెంట్‌గానే మొదలుపెట్టాను, అది ఎవరికీ తప్పదు. అలాగని స్కూలుకి ఎల్లకపోతే పనికిరారని కూడా కాదు. ఎడిటర్ శ్రీకర్ ప్రసాద్ గారు వాళ్ళ నాన్నగారు, ఎడిటర్ అక్కినేని సంజీవి గారి దగ్గర చూసి నేర్చుకున్నవారే, ఆయన పెదనాన్న, డైరెక్టర్ ఎల్వీ ప్రసాద్ గారిది మన ఏలూరు పక్కన సోమవరప్పాడు. 'రాఖ్' అనే హిందీ సినిమాకి మొదటి జాతీయ అవార్డు, తరవాత లెక్కపెట్టుకోవాల్సి వచ్చేన్ని.

యానాం_గాలి
అన్నా వాళ్ళ నాన్న ఎడిటరు, పెదనాన్న ఎల్వీ ప్రసాద్. ఈ కుర్రోడి నాన్న కొబ్బరి తోట రైతు. ఆ ఉదాహరణ ఇక్కడ పనికొస్తదా?

పూణే_టు_పెనుగొండ
సరే, ఒప్పుకుంటా.

పాలకొల్లు_రీలు
యానాం బాబూ నువ్వు అన్నది కరెక్టే కానీ ఇంకో వైపు కూడా చూడు. కట్టింగ్ రూమ్‌కి ఒక దొడ్డి గుమ్మం ఉంది, అది డైరెక్షన్‌లోకి తెరుచుకుంటుంది. ఆదుర్తి సుబ్బారావు గారు మన రాజమండ్రిలో పుట్టినవారే, ఎడిటింగ్ చేసి డైరెక్టరయ్యారు. రాజమౌళి గారు కుర్రాడిగా కోటగిరి వెంకటేశ్వరరావు గారి దగ్గర ఎడిటింగ్‌లో పని చేశారు, తరవాత అదే కోటగిరి గారు ఆయన సినిమాలకి ఎడిటరు, మగధీర, ఈగ, బాహుబలి. గురువు దగ్గర శిష్యుడు నేర్చుకుని పెద్దయ్యాక గురువుకే పని ఇవ్వడం అనేది ఇంకే ఉద్యోగంలో ఉందో చెప్పు. అంటే లంక కుర్రాడు రాజమౌళి అవుతాడని కాదు, నేను కూడా అనుకున్నాను, అవ్వలేదు, పాలకొల్లు వచ్చి ఫ్యాన్సీ షాపు పెట్టాను.

లంక_కుర్రోడు
బాబాయ్ గారూ ఒక డౌటు. మాకు కట్ చేసే స్వేచ్ఛే ఉండదండి. పోయిన కనుమకి జగ్గన్నతోట ప్రభల తీర్థం చేశాను. పదకొండు ఊళ్ళ ప్రభలు వస్తాయి కదా. ఏ ఊరి వాళ్ళు ఆ ఊరి ప్రభని ఎంతసేపు చూపించానో స్టాప్‌వాచ్ పెట్టుకుని చూశారు, అక్షరాలా. మాది 40 సెకన్లు వాళ్ళది నిమిషం అని షాపు మీదకొచ్చారు. కాలవలో దిగి ప్రభని భుజాల మీద మోసుకొచ్చే షాట్ ఉంది, చాలా బావుంది, దాన్ని పొడుగ్గా ఉంచాను, అది ఆ రెండో ఊరి ప్రభది కావడంతో వాళ్ళకి నిమిషం వచ్చింది. ఆఖరికి మా ఓనర్ అందరికీ 45 సెకన్లు చొప్పున పంచేశాడు. పెళ్ళిళ్ళలో అయితే మగపెళ్ళివారి మావయ్య కనపడలేదంటే బ్యాలెన్స్ డబ్బులు ఆపేస్తారు. ఇందులో ఎడిటింగ్ ఎక్కడుందండి?

వెటకారం_వెంకన్న
సమాన న్యాయం అంటే ఇదే తమ్ముడూ, మా రావులపాలెంలో అరిటి గెలలు కూడా ఇంత సమానంగా పంచుకోరు.

పాలకొల్లు_రీలు
నువ్వు సినిమాకి ఎల్తే ఇవి ఉండవనుకుంటన్నావా, ఇద్దరు హీరోలుంటే వాళ్ళ మనుషులొచ్చి క్లోజప్పులు లెక్కపెట్టడం నేను కళ్ళారా చూశాను. పదకొండు ఊళ్ళని సముదాయించినోడివి నువ్వు ఇద్దరు హీరోల్ని సముదాయించలేవా.

సరే నీకొక పని చెప్తా చేస్తావా. నీ దగ్గర ఒక పెళ్ళి రా ఫుటేజ్ ఉంటది కదా, ఎంతున్నా సరే. దాన్ని ఏడు నిమిషాలు చెయ్యి. పాట పెట్టకూడదు. డిజాల్వులు (ఒక బొమ్మ కరిగి ఇంకోటి రావడం), పూలు రాలడాలు, పేజీ తిప్పడాలు ఒక్కటి కూడా ఉండకూడదు, ఉత్త కట్టే. స్లో మోషన్ వద్దు. అక్కడ వినపడ్డ చప్పుడు తప్ప ఏదీ కలపకు. కట్ చేసే ముందు మొత్తం ఫుటేజ్ ఆపకుండా ఒకసారి చూడు, ఫాస్ట్ ఫార్వర్డ్ కొట్టావంటే నాకు తెలిసిపోద్ది. చేసి వచ్చి చెప్పు, ఎల్లాలా వద్దా అప్పుడు మాట్లాడుకుందాం.

రాజోలు_మిక్సింగ్
పాట లేకుండా పెళ్ళి వీడియోనా 😳

నైట్‌షిఫ్ట్_అక్క
మంచి పరీక్ష. తమ్ముడూ చెయ్యి. ఇంకో మాట, ఇప్పుడు ఏఐ వచ్చి బీట్‌కి తగ్గట్టు కట్ చేసేస్తుంది, మాటల్ని అక్షరాలుగా మార్చి మౌనాలు తీసేస్తుంది, మా ఆఫీసులో ప్రోమోలకి మొదలెట్టారు కూడా. పాటకి తగ్గట్టు కోసే పని ఒక్కటే వస్తే నీ పని అది చేసేస్తుంది. పాట లేకుండా కోయగలవా అన్నదే నీ దగ్గర మిగిలేది.

యానాం_గాలి
ముందు బ్యాకప్ తీసి చెయ్యి. నేను 2019లో ఒక పెళ్ళి మొత్తం ఒక్క హార్డ్ డిస్కులో పెట్టుకుని బైక్ మీద ఎదుర్లంక వంతెన దాటతా గుంతలో పడ్డాను. నాకేం కాలేదు. డిస్కు టక్ టక్ అని చప్పుడు చేసి ఆగిపోయింది. ఆ పెళ్ళికూతురి తండ్రి మొహం ఇప్పటికీ గుర్తే, డబ్బులు తిరిగిచ్చేశాను, పెళ్ళి ఎక్కణ్ణించి తిరిగివ్వను.

(పన్నెండు రోజుల తరవాత)

లంక_కుర్రోడు
బాబాయ్ గారూ చేశానండి. మొత్తం 4 గంటల 20 నిమిషాలు, రెండు కెమెరాలు ఒక డ్రోన్. ఆపకుండా చూడమన్నారు కదా, రాత్రి షాపు మూసేశాక కూచున్నాను, రెండో గంటకి నిద్రొచ్చేసింది నిజం చెప్తన్నా, మర్నాడు మళ్ళీ మొదట్నించీ చూశాను. మొదటి కట్ 31 నిమిషాలొచ్చింది. ఏది తీద్దామన్నా ప్రాణం పోయినట్టుంది, డ్రోన్ షాట్ ఒకటి కొబ్బరి తోటల మీంచి గోదారి దాకా వస్తది, ఎంత బావుంటదో, దాన్ని ఉంచడం కోసం మూడు రోజులు మిగతా అన్నీ తీశాను. ఆఖరికి అదే తీసేశాను, అందులో మనుషులు లేరు.

అసలు విషయం ఇది. రెండో కెమెరా కుర్రోడు వంటల షెడ్డు దగ్గర కెమెరా ఆపడం మర్చిపోయి బల్ల మీద పెట్టేశాడు. నలభై సెకన్లు వంకరగా ఉంది ఫ్రేము. అందులో పెళ్ళికూతురి తండ్రి వంటాయనతో గొడవ పడతన్నాడు, మూడో బంతికి అరిటాకులు సరిపోవు అని లెక్కపెడతన్నాడు. అప్పుడు లోపల గట్టిమేళం మొదలైంది. ఆయన చేతిలో ఆకులు అలాగే పెట్టుకుని ఒక్క క్షణం ఆగి, ఆకులు వంటాయన చేతిలో పెట్టేసి పంచె ఎగదోసుకుని పరిగెట్టాడు. మామూలుగా అయితే అలాంటిది మేం ఇంపోర్ట్ కూడా చెయ్యం, వేస్టని డిలీట్ కొట్టేస్తాం. నేను ఆయన పరిగెట్టడం పెట్టి వెంటనే మండపంలో తాళి కట్టే షాట్ పెట్టాను. కట్టేసి అక్షింతలు కూడా అయిపోయాయి. తరవాత జనం వెనకాల మునివేళ్ళ మీద లేచి చూస్తన్న ఆయన తల, అది వేరే కెమెరాలో ఎక్కడో మూల దొరికింది.

మా ఓనర్‌కి చూపిస్తే ఇది గానీ కస్టమర్‌కిచ్చావంటే తంతారు, పెళ్ళి వీడియోలో వంటాయనతో గొడవేంటి అన్నాడు. ఇంట్లో నాన్నకి ఫోన్లో చూపించాను. నేనేం చెప్పలేదండి. అంతా చూసి, అయితే పాపం ఆయన తాళి చూడలేదా? అన్నాడు. కాసేపాగి, ఆరు నెలలంటే అక్కడ తిండికీ గదికీ ఎంతవుద్ది అని అడిగాడు.

రాజోలు_మిక్సింగ్
ఓరి నీ... నేను కూడా ఆ ముక్క డిలీట్ కొట్టేవాణ్ణి. ముప్ఫై ఏళ్ళలో ఇలాంటివి ఎన్ని కొట్టేశానో ఇప్పుడు కూచుని లెక్కపెట్టుకుంటన్నాను.

పాలకొల్లు_రీలు
లింకు చూశాను, మా మనవరాలు పెద్ద టీవీలో పెట్టింది, మూడుసార్లు చూశాను. రెండు తప్పులున్నాయి. ఒకటి, ఆయన పరిగెట్టడం మరీ ఎక్కువసేపు ఉంచావు, ఫ్రేములోంచి పూర్తిగా బయటికి ఎల్లేదాకా ఆగావు. కాలు ఎత్తగానే కట్ చెయ్యి, మిగతా పరుగు చూసేవాడు పరిగెడతాడు. రెండు, గట్టిమేళం చప్పుడు షాటు మారేచోట తెగింది, షెడ్డులో దూరంగా వినపడేది మండపంలోకి ఎల్లగానే పెద్దదవ్వాలి కానీ మధ్యలో తెగకూడదు, చప్పుడు ముందు రావాలి బొమ్మ తరవాత రావాలి. ఏడు నిమిషాలన్నాను, ఏడు నిమిషాల 50 సెకన్లుంది. ఆ యాభై సెకన్లూ పరుగులోనూ ఆశీర్వచనాల్లోనూ ఉన్నాయి. తీసెయ్.

ఇంకా ఆ ఎడిటర్ గారు ఎవరో, ఎలాంటివాడో కనుక్కో. ఆయన దగ్గర ముందు చేసినోళ్ళు ఇప్పుడెక్కడున్నారో అడుగు. వాళ్ళలో ఇద్దరన్నా సొంతంగా సినిమాలు చేస్తుంటే బండెక్కు. ఆరేళ్ళుగా అదే కుర్చీలో అసిస్టెంట్లుగానే ఉన్నారంటే, ఎక్కకు.

నైట్‌షిఫ్ట్_అక్క
బాబాయ్ గారు చెప్పింది నూటికి నూరు. ఆరు నెలల తరవాత డబ్బులెంతో కూడా ఇప్పుడే అడుగు, సిగ్గుపడకు. ఒకవేళ అక్కడ కుదరకపోతే నాకు మెసేజ్ పెట్టు, మా దగ్గర రాత్రి షిఫ్టుకి ఎప్పుడూ మనుషులు తక్కువే. ఆ ఏడు నిమిషాలు చూపిస్తే చాలు, సర్టిఫికెట్ ఎవరూ అడగరు.

యానాం_గాలి
నేను వద్దన్నోణ్ణే. ఇప్పటికీ పూర్తిగా వెనక్కి తీసుకోను, ఆ గదిలో ఆరుగురం పడుకున్న రోజులు నాకు తెలుసు. కానీ ఆ ఆకుల షాట్ చూశాక ఎల్లొద్దని చెప్పడానికి నోరు రాలేదు. ఎల్లు. ఏడాది పెట్టుకో, ఏడాది దాటితే రా, యానాంలో నా దగ్గర కుర్చీ ఉంది.

లంక_కుర్రోడు
కనుక్కున్నానండి. ఆయన దగ్గర చేసిన ముగ్గురిలో ఇద్దరు సొంతంగా చేస్తన్నారు, ఒకాయన వెబ్ సిరీస్‌లు. ఆరు నెలల తరవాత ఎంతని అడిగితే నవ్వి, ఇప్పటిదాకా ఎవరూ అడగలేదు అని పన్నెండు వేలు అన్నారు. సంక్రాంతికి తీర్థం పని ఒప్పుకున్నాను కాబట్టి అది అయ్యాక ఎల్లడానికి గౌతమి ఎక్స్‌ప్రెస్‌లో టికెట్ తీసుకున్నాను. బాబాయ్ గారు చెప్పినట్టు పరుగు తగ్గించాను, ఇప్పుడు 6 నిమిషాల 58 సెకన్లు.

వెటకారం_వెంకన్న
ఎల్తా ఎల్తా ఆత్రేయపురం పూతరేకులు పట్టుకెళ్ళి ఎడిటర్ గారి చేతిలో పెట్టు, ఆరు నెలలు కాస్తా నాలుగవుద్ది.

లంక_కుర్రోడు
తప్పకుండా వెంకన్న గారూ 😀 ఒక్క ప్రశ్న, సొంత హార్డ్ డిస్కు తెచ్చుకోమన్నారు, ఎంతది కొనమంటారు?

యానాం_గాలి
2 టీబీవి. రెండు కొను, ఒకటి కాదు.

లంక_కుర్రోడు
సరేనండి. రెండూ ఒకే బ్యాగులో పెట్టుకోవచ్చాండి?

యానాం_గాలి
పెట్టకు.